కవరు ఇవ్వని చావు

టాం కై-హుంగ్ అరవై మూడుసార్లు చనిపోయాడు. పంతొమ్మిది వందల నలభై ఆరు నుంచి అరవై ఐదు దాకా, హాంకాంగ్ స్టూడియోల్లో, ఎక్కువగా మధ్యాహ్నం పూట. కత్తిపోటుకు చనిపోయాడు. విషానికి చనిపోయాడు. మెట్ల మీంచి దొర్లి చనిపోయాడు. రెండుసార్లు సిగ్గుతో చనిపోయాడు. సిగ్గుతో చావడం అన్నిటికన్నా కష్టం అనేవాడు, అడిగేవాళ్లు ఉన్న రోజుల్లో.

ఇప్పుడు అడిగేవాళ్లు లేరు. ఇది ఎనభై మూడో సంవత్సరం. అమెరికాలోని సన్నీవేల్‌లో, రెండంతస్తుల అపార్ట్‌మెంట్ల వరుసలో, కింద మూలనున్న ఇంట్లో ఒక్కడే ఉంటున్నాడు. చైనావాళ్లకూ మనలాగే ఇంటిపేరు ముందు వస్తుంది. టాం అన్నది ఇంటిపేరు. సర్క్యూట్ బోర్డులకు సోల్డరింగ్ చేసే ఫ్యాక్టరీలో పదమూడేళ్లు పనిచేశాడు. పదమూడేళ్లూ అక్కడివాళ్లు అదే సొంత పేరనుకుని టామ్, టామ్ అని పిలిచారు. అతను దిద్దలేదు. స్టూడియోల్లో మాత్రం ఎవరు పేరుతో పిలిచారు గనుక? "ఇవాళ చచ్చేవాడు వచ్చాడా?" అని అడిగేవారు.

అతను నటుడని ఫ్యాక్టరీలో ఎవరికీ తెలియదు. ఒకసారి తడి నేల మీద కాలు జారింది. పడటం అలవాటైన ఒళ్లు. భుజం మీద దొర్లి, ఒక చెయ్యి చాచి, కళ్లు సగం మూసి, కదలకుండా ఆగిపోయింది. ఫోర్‌మన్ అంబులెన్స్‌కి ఫోన్ చేశాడు. టాం లేచి తడి దులుపుకున్నాడు. అందరికీ క్షమాపణ చెప్పుకోవాల్సి వచ్చింది.

ఆ స్టూడియోల్లో ఒక ఆచారం ఉండేది. శవంగా నటించినవాడికి, షాట్ అయిపోగానే, ఒక చిన్న ఎర్ర కాగితపు కవరు ఇవ్వాలి. లోపల ఒక నాణెం. అది కూలి కాదు. నటుడి ఒంటి మీంచి చావును దులిపెయ్యడానికి. ఆ నాణెం ఇంటికి పట్టుకెళ్లకూడదు. దారిలోనే ఏదైనా తీపి కొనుక్కుని తిని, అప్పుడు గడప తొక్కాలి. సినిమావాళ్లు దేన్ని ఎగ్గొట్టినా దీన్ని ఎగ్గొట్టేవారు కాదు. టాం నువ్వుల ఉండ కొనుక్కునేవాడు, లేదా పంచదార పట్టిన అల్లం ముక్క. అతని భార్య గుమ్మంలో నిలబడి, పెదవికి అంటుకున్న నువ్వుగింజ చూసి అడిగేది.

"ఇవాళ ఎలా పోయావు?"

ఒక్క సినిమాలో మాత్రం పోలేదు. దాని పేరు 'గొడుగుల వీధి'. యాభై రెండులో తీశారు. ముఖ్యవేషం వెయ్యాల్సినవాడికి కామెర్లు వచ్చాయి. సెట్టు వేసేశారు, తొమ్మిది రోజుల్లో సినిమా అయిపోవాలి. దుర్మార్గుల వేషాల కోసం ఏళ్ల తరబడి పెంచుకున్న టాం మీసాన్ని అరగంటలో గొరిగేసి, గొడుగులు బాగుచేసేవాడి చొక్కా తొడిగారు. కథ పెద్దదేం కాదు. గొడుగులవాణ్ణి పెళ్లాం వదిలి వెళ్లిపోతుంది. తమ్ముడు మోసం చేస్తాడు. ఆఖర్న ఖాళీ కొట్లో ఒక్కడే మిగులుతాడు. బయట వాన. కెటిల్ అందుకుని టీ పోసుకుంటాడు. తాగుతాడు. అంతే.

ఆ షాట్ నిమిషం పైనే ఉంటుంది. టాంకి చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు.

"ఏడవనా?" అని అడిగాడు.

"వద్దు," అన్నాడు డైరెక్టరు. "ఏమీ చెయ్యకు. బతికుండు, చాలు."

ఆ సాయంత్రం ఎవరూ కవరు ఇవ్వలేదు. ఇంటికి వెళితే భార్య పెదాల వంక చూసింది. ఏమీ అంటుకుని లేదు.

"ఏమైంది?"

"ఏమీ కాలేదు. ఇవాళ బతికే ఉన్నాను."

"అలవాటు లేని పని," అందామె. "అలిసిపోయుంటావు. కూర్చో."

ఆ సినిమా విడుదలైనప్పుడు టాం నాటకాల బృందంతో సైగాన్‌లో ఉన్నాడు. అతనొచ్చాక ఇద్దరూ కలిసి చూద్దామని ఆమె ఆగింది. అతను వచ్చేసరికి అయిదు రోజులు ఆడి వెళ్లిపోయింది. మళ్లీ ఎక్కడా రాలేదు. మీసం పెరిగింది, చావులు మళ్లీ మొదలయ్యాయి. అరవై ఆరులో భార్య పోయింది. అతను మాట్లాడే భాషలో సినిమాలు తియ్యడమే తగ్గిపోయింది. శాన్‌ఫ్రాన్సిస్కోలో ఉన్న అక్క కాగితాలు పంపితే అరవై తొమ్మిదిలో వచ్చాడు. తర్వాత అక్కా పోయింది.

డెబ్భై ఎనిమిదిలో ఒక ఆదివారం, చైనాటౌన్‌లో మూసేస్తున్న ఒక సినిమా హాలు ముందు నుంచి నడిచి వెళుతున్నాడు. నేలమాళిగలోని సామానంతా తెచ్చి ఫుట్‌పాత్ మీద పడేశారు. ఆ కుప్పలో మూడు రేకు డబ్బాలు. మూతల మీద, కుంచెతో రాసిన అక్షరాల్లో, గొడుగుల వీధి. మూడు రీళ్లూ ఒళ్లో పెట్టుకుని బస్సులో ఇంటికి వచ్చాడు.

ప్రొజెక్టర్ అద్దెకు దొరుకుతుంది. కానీ ఒక్కడే కూర్చుని చూడాలనిపించలేదు. అది అద్దంలో చూసుకోవడమే అవుతుంది. పక్కన ఎవరో ఒకరు ఉండాలి. ఎవరు? ఆ ప్రశ్న దగ్గరే అయిదేళ్లు గడిచిపోయాయి. డబ్బాలు బట్టల అలమారలో, చెప్పుల పక్కన ఉండిపోయాయి.

ఎనభై మూడు వేసవిలో పక్కింటావిడ తలుపు తట్టింది. ఆవిడ పేరు నవోమి. హాస్పిటల్లో నర్సు. నరసాపురం వైపు నుంచి వచ్చిన తెలుగావిడ. రెండేళ్లుగా మెయిల్ డబ్బాల దగ్గర ఒకరికొకరు తలూపుకోవడమే, మాట కలవలేదు.

"మిస్టర్ టాం, ఏమనుకోకండి. మీరేమైనా ఊరగాయ పెడుతున్నారా?"

"ఊరగాయా?"

"వెనిగర్ వాసనండీ. మీ గోడలోంచి మా క్లోజెట్‌లోకి వస్తోంది. నా చర్చి చీరలన్నిటికీ పట్టేసింది. మొన్న ఆదివారం మా ఫ్రెండ్ నా పక్కన కూర్చుని, ఏంటో ఆకలేస్తోంది అంది."

టాం ఆమెను లోపలికి రమ్మన్నాడు. అలమార తెరిచాడు. వాసన ముఖానికి కొట్టింది. అతను రోజూ అందులోనే ఉండటం వల్ల అతనికి తెలియలేదు.

నవోమి భర్తను పిలుచుకొచ్చింది. రత్నరాజు ఇంజనీరు. కానీ డబ్బా మూత తియ్యగానే అతని ముఖంలో ఇంజనీరు పోయి, నరసాపురం సినిమా హాలు ఆపరేటరు మేనల్లుడు మిగిలాడు.

"ఇది ఊరగాయ కాదు నవోమీ," అన్నాడు తెలుగులో. "ఫిల్ము చచ్చిపోతోంది. మామయ్య కేబిన్‌లో ఇదే వాసన. ఈ వాసనొస్తే ఆ డబ్బా దూరంగా పెట్టరా, పక్కదానికి అంటుకుంటుంది అనేవాడు."

తర్వాత టాం వైపు తిరిగి, నెమ్మదిగా, ఇంగ్లీషులో చెప్పాడు.

"మొదటి రెండు రీళ్లూ ఫరవాలేదు అంకుల్. మూడోది ముడుచుకుపోతోంది. అంచు చిల్లులు ప్రొజెక్టర్ పళ్లకి అందవు. చేత్తో పట్టి నడిపితే ఒక్కసారి ఆడుతుందేమో. ఒక్కసారే. ఇంకో ఏడాది ఆగితే అదీ లేదు."

"మూడోదే," అన్నాడు టాం. "నాకు మూడోదే కావాలి."

ఎందుకో చెప్పాల్సి వచ్చింది. చెప్పాడు. చావుల గురించి, ఎర్ర కవర్ల గురించి, తీపి తినకుండా గడప తొక్కకూడదన్న నియమం గురించి, చావని ఒక్క సినిమా గురించి. ఇంగ్లీషులో అంతసేపు ఎప్పుడూ మాట్లాడలేదు. నవోమి మంచం అంచున కూర్చుని విన్నది. హాస్పిటల్లో వినడం నేర్చుకున్న మనిషి. మధ్యలో అడ్డు తగలదు.

"మిమ్మల్ని మీరు బతికుండగా చూసుకోవాలి," అంది ఆఖర్న.

"అవును," అన్నాడు టాం. "ఒక్కసారి."

నవోమివాళ్ల తెలుగు సంఘంలో పదకొండు కుటుంబాలు. ఆదివారం మధ్యాహ్నాలు ఒక అమెరికన్ చర్చి వెనక హాలు అద్దెకు తీసుకుని ఆరాధన చేసుకుంటారు. వాళ్లకు ఒక పాత ప్రొజెక్టర్ ఉంది, సువార్త సినిమాలు వేసుకోవడానికి కొన్నది. దాని బాధ్యత రత్నరాజుదే. అక్టోబరు మొదటి ఆదివారం ఆరాధన అయ్యాక, అందరూ కార్లెక్కి వెళ్లాక, హాలు కిటికీ తెరలు లాగాడు.

వెళ్లకుండా ఒకాయన ఆగిపోయాడు. ఏసుపాదం మాస్టారు. రిటైరైన లెక్కల మాస్టారు, సంఘంలో అందరికన్నా పెద్ద. ఆయన్ని ఇంటి దగ్గర దింపేది రత్నరాజే కాబట్టి ఆగక తప్పలేదు.

"భాష అర్థం కాదు మాస్టారూ, మీకు బోరు కొడుతుందేమో," అంది నవోమి.

"మా ఊళ్లో హిందీ సినిమాలొచ్చేవి. మాకు హిందీ ఏమన్నా వచ్చేడిసిందా? చూళ్లేదూ? వెయ్యవయ్యా రాజూ."

టాం టై కట్టుకుని వచ్చాడు. వెనక వరసలో కూర్చున్నాడు. తెర కన్నా తన ముందు వరసలోని రెండు తలలను ఎక్కువ చూశాడు. ప్రొజెక్టర్ టకటక మొదలైంది. తెర మీద ముప్పై అయిదేళ్ల మనిషి ఒకడు నున్నటి మూతితో, గొడుగు ఊచను వేళ్లతో సవరిస్తున్నాడు. ఆ మణికట్టు తనదే. అంత సన్నగా ఉండేదని మరిచిపోయాడు.

మాస్టారు ఆగలేదు.

"ఈ తమ్ముడు మహా త్రాష్టుడిలాగున్నాడమ్మా. చూపు చూడు."

కాసేపటికి: "ఆ అమ్మాయి నిలవదు. అదిగో, గుమ్మం వైపే చూస్తోంది."

ఇంకాసేపటికి వెనక్కి తిరిగి, టాంకి బొటనవేలు చూపించి, "వెరీ గుడ్, వెరీ గుడ్," అన్నాడు.

టాం తల వంచి నమస్కారం పెట్టాడు. హాల్లో చూసేవాళ్లు ముగ్గురు. ముగ్గురు చాలు. ఎవరో ఒకరు వెనక్కి తిరిగి తన ముఖమూ, తెర మీది ముఖమూ పోల్చుకుంటున్నారు. ఇలాంటి మధ్యాహ్నం మళ్లీ ఉంటుందని అతను అనుకోలేదు.

మూడో రీలు ఎక్కించేటప్పుడు రత్నరాజు చొక్కా చేతులు మడిచాడు. ఫిల్మును రెండు వేళ్ల మధ్య ఆనించి, ఊపిరి బిగబట్టి నడిపించాడు. బొమ్మ వణికింది. హాలంతా వెనిగర్ వాసన. పెళ్లాం వెళ్లిపోయింది. తమ్ముడు సంతకం పెట్టించుకున్నాడు. కొట్లో గొడుగులన్నీ ఎవరివి వాళ్లు పట్టుకుపోయారు. వాన మొదలైంది.

టాం ముందుకు వంగాడు.

ఖాళీ కొట్లో గొడుగులవాడు కూర్చున్నాడు. చెయ్యి కెటిల్ వైపు చాచాడు. తెర మీద బొమ్మ ఒక్కసారి ఎగిరిపడింది.

మెట్లు. పెద్ద ఇంటి మెట్లు. నల్లటి పొడుగు అంగీ వేసుకున్న మనిషి గుండె పట్టుకున్నాడు. మీసం కింద నోరు తెరిచాడు. ఆరు మెట్లు దొర్లి, ఒక చెయ్యి చాచి, కళ్లు సగం మూసి ఆగిపోయాడు. అతని మీదికి సమాప్తం అన్న అక్షరాలు వచ్చాయి. తెర తెల్లబడింది. ఫిల్ము తోక చక్రానికి టపటప కొట్టుకుంది.

మొదట మాట్లాడింది మాస్టారే.

"మీసం ఎప్పుడు మొలిచిందయ్యా ఈయనకి?"

"మాస్టారూ!" అంది నవోమి.

"నేనేమన్నాను? ఇప్పటిదాకా నున్నగా ఉన్నాడు. టీకి చెయ్యి చాపాడు. చూస్తే మీసంతో మెట్ల మీద చచ్చాడు."

పై పెదవి మీద ఆయన గీసిన వేలు చూస్తే టాంకి భాష అక్కర్లేకపోయింది. ఆ మెట్లు అతనికి తెలుసు. పంతొమ్మిది వందల యాభై. ఇంకో సినిమా. మిల్లు యజమాని వేషం. రెండో టేకులో మోచెయ్యి వాచింది. ఆ సాయంత్రం అల్లం ముక్క కొనుక్కున్నాడు.

రత్నరాజు రీలు వెనక్కి తిప్పి, వెలుతురుకు పట్టి చూశాడు.

"ఇక్కడ అతుకుంది అంకుల్. పాత అతుకు."

"బయటి దేశాలకు పంపేటప్పుడు స్టూడియోవాళ్లు అతికి ఉంటారు," అన్నాడు టాం. అతని గొంతు మామూలుగానే ఉంది. "పోస్టరు మీద నా పేరు. నా పేరు చూసి టికెట్టు కొన్నవాడు చావు కోసం వస్తాడు. చావు లేకపోతే కుర్చీలు విరగ్గొడతాడు. వాళ్ల దగ్గర నా చావులు చాలా ఉన్నాయి."

"మరి ఆ టీ తాగేది? కోసేసిన ముక్క?" అంది నవోమి.

రత్నరాజు భార్య వంక చూడలేదు. "కింద పడేస్తారు. సాయంత్రం ఊడ్చేస్తారు."

ప్రొజెక్టర్ ఫ్యాన్ తిరుగుతూనే ఉంది.

"అంకుల్," అంది నవోమి, "ఈ చావుకి మీకు కవరు ఇచ్చారా?"

"ఆ మిల్లు యజమాని చచ్చినప్పుడు ఇచ్చారు. గొడుగులవాడు చచ్చినప్పుడు ఇవ్వలేదు." టాం నవ్వడానికి చూశాడు. "ఎలా ఇస్తారు? చచ్చానని నాకే తెలియదు."

తేలిగ్గానే అందామనుకున్నాడు. కానీ ముప్పై ఒక్క ఏళ్లు. దులపని చావు ఒంటి మీద పెట్టుకుని తిరిగాడు. ఆ ఒంటితోనే ప్రతి సాయంత్రం గడప తొక్కాడు. ఆ ఒంటితోనే భార్య మంచం పక్కన, ఆఖరి వారం అంతా, చెయ్యి పట్టుకుని కూర్చున్నాడు. ఇలాంటివి నమ్మే వయసు దాటిపోయిందనుకున్నాడు. దాటలేదు.

నవోమి లేచి తలుపు దగ్గరి బల్ల దాకా వెళ్లింది. అక్కడ సంఘంవాళ్ల కానుక కవర్లు ఒక దొంతరగా ఉన్నాయి. ఒకటి తీసింది. పర్సులోంచి పావు డాలరు నాణెం తీసి అందులో వేసింది. వెనక్కి రాబోయి ఆగింది. తీపి కొనుక్కోవడానికి దారిలో కొట్లు ఉంటాయో లేదో. పర్సులో మళ్లీ వెతికి, పిప్పరమెంటు బిళ్ల ఒకటి వేసి, కవరు మూత మడిచింది. రెండు చేతులతో పట్టుకొచ్చి అతనికి ఇచ్చింది.

"ఎర్రది లేదు అంకుల్. ఇదే ఉంది. లేటైపోయింది, ఏమనుకోకండి."

టాం రెండు చేతులతో అందుకున్నాడు. తెల్ల కవరు. లోపల ఒక నాణెం, ఒక తీపి బిళ్ల.

అతని ఊళ్లో తెల్ల కవరు ఎప్పుడు ఇస్తారో నవోమికి తెలియదు. అంత్యక్రియలకు వచ్చినవాళ్లకు గుమ్మం దగ్గర ఇస్తారు. ఒక నాణెం, ఒక తీపి. తీపి అక్కడే తినాలి, నాణెం ఇల్లు చేరేలోపు ఖర్చు పెట్టెయ్యాలి. పోయినవాడికి ఇచ్చేది కాదు. సాగనంపి, తిరిగి తన ఇంటికి వెళ్లాల్సినవాడికి ఇచ్చేది. అరవై ఆరులో, భార్య పోయినప్పుడు, గుమ్మంలో నిలబడి, వచ్చిన ప్రతివాళ్లకూ టాం ఇలాంటి కవర్లు ఇచ్చాడు. ఇచ్చేవాడికి ఎవరూ ఇవ్వరు. అతను ఉత్త చేతులతో ఇంటికి వెళ్లాడు.

టాం బిళ్ల మీది కాగితం ఒలిచి నోట్లో వేసుకున్నాడు.

మూడో రీలును డబ్బాలో పెట్టి, మూత నొక్కి, హాలు వెనకాలున్న పెద్ద చెత్త తొట్టిలో తనే వేశాడు. మిగతా రెండూ కారు డిక్కీలో పెట్టారు.

"పక్కదానికి అంటుకోకుండా," అన్నాడు రత్నరాజుతో. రత్నరాజు తలూపాడు.

ఎల్ కమీనో రోడ్డు మీద ఒక డోనట్ కొట్టు కనిపించింది.

"ఇక్కడ అయిదు నిమిషాలు ఆపగలరా?"

"మేమూ రామా?" అంది నవోమి.

"వద్దు. మీరు కార్లోనే ఉండండి."

కౌంటరు దగ్గర అమ్మాయి ధర చెప్పింది. టీ పావు డాలరే. కవరులోంచి నాణెం తీసి ఇచ్చాడు. ఖాళీ కవరు మడిచి జేబులో పెట్టుకున్నాడు. కాగితపు కప్పు తెచ్చుకుని, అద్దం పక్కన బల్ల దగ్గర కూర్చున్నాడు. కొట్లో ఇంకెవరూ లేరు.

అద్దం అవతల కారు ఇటువైపే తిరిగి ఆగి ఉంది. ముందు సీట్లలో నవోమి, రత్నరాజు. వెనక నుంచి మాస్టారు వాళ్లిద్దరి మధ్యకు వంగి తల పెట్టాడు. ముగ్గురూ ఇటే చూస్తున్నారు. మాస్టారు ఏదో అంటున్నాడు. నవోమి వెనక్కి తిరక్కుండానే పెదాల మీద వేలు పెట్టింది.

టాంకి చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. కుడి చెయ్యి గుండె వైపు లేవబోయింది, ఏళ్ల అలవాటు. దాన్ని తెచ్చి బల్ల మీద పెట్టాడు.

వాన లేదు. అయిదు గంటల ఎండ బల్ల మీద పడుతోంది. కప్పు అందుకుని ఒక గుక్క తాగాడు. వేడిగా ఉంది. కాసేపు ఆగి, ఇంకో గుక్క తాగాడు.